బిడ్డ తండ్రి దగ్గర, భార్య పుట్టింట్లో ఉంటే హెబియస్ కార్పస్ నడుస్తుందా?

ప్రశ్న: మాది మిర్యాలగూడ. గొడవపడి మా ఆయన మూడేండ్ల బాబును దేవరకొండలో ఉన్న మా అత్తగారింటికి తీస్కపోయిండు. ఫోన్ ఎత్తుతలేడు. పోలీసులేమో తండ్రే కదా తీస్కపోయింది అంటున్నరు. హైకోర్టులో హెబియస్ కార్పస్ వేస్తే బాబు వస్తడా? – ఒక సోదరి

జవాబు: వేయవచ్చమ్మా. నిర్బంధంలో ఉన్న మనిషిని కోర్టు ముందుకు తెప్పించమని అడిగే పిటిషన్ (రిట్) ఇది. తండ్రి దగ్గరున్నాడన్న ఒక్క కారణంతో పిటిషన్ కొట్టేయరు. 1956 నాటి హిందూ మైనారిటీ, గార్డియన్‌షిప్ చట్టం ఆరో సెక్షన్ ప్రకారం ఐదేండ్లు నిండని బిడ్డ మామూలుగా తల్లి దగ్గరే ఉండాలి. పిల్లల కస్టడీ విషయంలోనూ ఈ రిట్ నడుస్తుందని 2019లో తేజస్విని గౌడ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే మీ హక్కు కన్నా బాబు మేలే ముందు చూస్తారు.

ముందు స్టేషన్‌లో రాతపూర్వకంగా ఫిర్యాదు ఇచ్చి రసీదు తీసుకోండి. ఇవ్వకపోతే అదే ఫిర్యాదు ఎస్పీకి రిజిస్టర్ పోస్టులో పంపండి. ఈ కాగితం లేకుండా హైకోర్టుకు పోతే, పోలీసులను అడిగారా అన్నదే కోర్టు మొదటి ప్రశ్న అవుతుంది. అఫిడవిట్‌కు బాబు బర్త్ సర్టిఫికెట్, పెండ్లి ఆధారం, మీ దగ్గరే పెరిగాడని చూపే టీకాల కార్డు, అంగన్‌వాడీ వివరాలు జతచేయండి. ఏ రోజు, ఎవరు తీసుకెళ్లారు, ఇప్పుడు ఏ ఇంట్లో ఉన్నాడు అన్నది ఇంటి నంబరుతో సహా రాయండి. అడ్రసు సరిగా లేకుంటే పోలీసులు బాబు దొరకలేదంటారు, వాయిదా పడుతుంది. హోం శాఖ, ఎస్పీ, ఎస్‌హెచ్‌ఓ (స్టేషన్ అధికారి)లతో పాటు భర్తను, అత్తమామలను కూడా ప్రతివాదులుగా చేర్చాలి.

ఎక్కువ పిటిషన్లు చెడేది దాచడం వల్లే. వరకట్నం కేసు, విడాకుల కేసు, పెద్దమనుషుల పంచాయితీలో సంతకం పెట్టిన కాగితం, ఏది ఉన్నా ముందే చెప్పండి. బాబును వదులుకుంటానని అందులో రాసి ఉన్నా దానితోనే కస్టడీ తేలిపోదు. దాచారని అవతలి వకీలు బయటపెడితే మాత్రం మీ మాట మీద నమ్మకం పోతుంది. ఆలస్యమూ నష్టమే. నెలలు గడిస్తే బాబు అక్కడ అలవాటుపడ్డాడంటారు.

సాక్ష్యాలు విచారించాల్సిన తగాదా అనిపిస్తే హైకోర్టు మిమ్మల్ని ఫ్యామిలీ కోర్టుకు పంపుతుంది. అందుకే 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం 25వ సెక్షన్ కింద బాబు కస్టడీ కోరే పిటిషన్ (ఓపీ), 12వ సెక్షన్ కింద మధ్యంతర కస్టడీ దరఖాస్తు కూడా సిద్ధం చేసుకోండి. బాబు మామూలుగా ఉండే చోటు మిర్యాలగూడ కాబట్టి దేవరకొండ దాకా పోవాల్సిన పని లేదు. మహిళలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత వకీలు దొరుకుతారు. నల్లగొండ కోర్టులోని న్యాయ సేవాధికార సంస్థను అడగండి, లేదా 15100కు ఫోన్ చేయండి.

ప్రశ్న: ప్రేమ పెండ్లి చేసుకున్నం. నా భార్యను వాళ్లోళ్లు నాగర్‌కర్నూల్ తీస్కపోయిన్రు. హెబియస్ కార్పస్ వేయాల్నా? – జడ్చర్ల పాఠకుడు

జవాబు: ఆమె ఇష్టమేమిటన్నదే అసలు సంగతి. భర్త అడిగినంత మాత్రాన భార్యను అప్పగించే రిట్ కాదిదని 1960వ దశకంలోనే సుప్రీంకోర్టు తేల్చింది. కోర్టు ఆమెను పిలిపించి, సాధారణంగా మీరూ వాళ్లూ లేకుండా మాట్లాడుతుంది. నా ఇష్టంతోనే ఉన్నానంటే పిటిషన్ అక్కడితో ముగుస్తుంది. అలిగి పోయి ఉంటే దారి హిందూ వివాహ చట్టం తొమ్మిదో సెక్షన్ (కాపురానికి రమ్మని కోరే పిటిషన్). నిజంగానే నిర్బంధించారంటే ఆమె పంపిన మెసేజీలు, పెండ్లి సర్టిఫికెట్, ఇద్దరి వయసు ఆధారాలు పెట్టి వేయండి. ఆమెకు 18 ఏండ్లు నిండకపోతే మాత్రం పోక్సో (మైనర్లపై లైంగిక నేరాల చట్టం) కేసు మీ మీదికే వస్తుంది. వకీలును కలవకుండా అడుగు వేయకండి.