పేరు మారినా అదే జట్టు: సైకిల్ రేసులపై మీ ప్రశ్నలు

ఫ్రాన్స్‌లో మూడు వారాల పాటు జరిగే సైకిల్ రేసు టూర్ ద ఫ్రాన్స్ గురించి పోయిన సంచికలో నాలుగు మాటలు రాస్తే విజయవాడ, గుంటూరుల నుంచి ఇన్ని ఉత్తరాలు వస్తాయని అనుకోలేదు. చాలామంది ఒకే జట్టు గురించి, ఫ్రాన్స్‌కి చెందిన బెర్నోడో జట్టు గురించి అడిగారు, అది నాకు బాగా ఇష్టమైన జట్టు కూడా. అందుకే ఈసారి శీర్షిక మొత్తం దానికే ఇస్తున్నాం.

ప్రశ్న: పాత వీడియోల్లో వోక్లేర్ అనే రైడర్ ఒకచోట బ్రియోష్ లా బులాంజేర్ జెర్సీలో ఉన్నాడు, ఇంకోచోట బుయిగ్ టెలికాం, మరోచోట యూరోప్‌కార్ ఆకుపచ్చ జెర్సీ. ఇన్ని జట్లు ఎందుకు మారాడు? (పటమట, విజయవాడ)

ఒక్కసారి కూడా మారలేదండీ. తోమా వోక్లేర్ ప్రొఫెషనల్‌గా ఉన్నన్నాళ్లూ, 2017 టూర్ అయ్యాక రిటైరయ్యేదాకా, ఒకే మేనేజర్ దగ్గర ఒకే జట్టులో ఉన్నాడు. మారింది జెర్సీ మీది పేరే. ఆ మేనేజర్ జాన్ రెనే బెర్నోడో. ఆయనా ఒకప్పటి రైడరే, ఫ్రెంచ్ చాంపియన్ బెర్నార్ ఇనో ఉన్న రెనో జట్టులో తొక్కాడు, 1979 టూర్‌లో అయిదో స్థానంలో వచ్చి యువ రైడర్లకిచ్చే తెల్ల జెర్సీ గెలిచాడు. ఊరు పడమటి ఫ్రాన్స్‌లో అట్లాంటిక్ పక్కన ఉండే వాందే. మన లెక్కలో ఒక జిల్లా అనుకోండి.

జట్టు 2000లో బోంజూర్ పేరుతో మొదలైంది. చిన్న ప్రకటనలు వేసి ఉచితంగా పంచే పేపరు అది. 2003లో బ్రియోష్ లా బులాంజేర్ వచ్చింది, వాందేలోనే తీపి బన్నుల్లాంటి బ్రియోష్‌లు తయారుచేసే కంపెనీ. 2005 నుంచి బుయిగ్ టెలికాం, 2011 నుంచి కార్లు అద్దెకిచ్చే యూరోప్‌కార్, 2016 నుంచి కరెంటు అమ్మే డైరెక్ట్ ఎనర్జీ. ఆ కంపెనీని చమురు సంస్థ టోటల్ కొనేసింది కాబట్టి 2019లో టోటల్ డైరెక్ట్ ఎనర్జీ అయింది, 2021లో టోటల్ తన పేరే మార్చుకుంటే జట్టు కూడా టోటల్ ఎనర్జీస్ అయింది. పేపరు, బన్ను, ఫోను, కారు, కరెంటు. ఈ పేర్లన్నీ గుర్తుపెట్టుకోవడం కష్టం, బెర్నోడో జట్టు అనుకుంటే సరిపోతుంది.

ప్రశ్న: స్పాన్సర్ వెళ్లిపోతే జట్టు మూసెయ్యడమేనా? టికెట్ల డబ్బు, టీవీ డబ్బు రావా? (అరండల్‌పేట, గుంటూరు)

సైకిల్ రేసు రోడ్డు మీద జరుగుతుంది, చూడ్డానికి ఎవరూ టికెట్ కొనరు. టీవీ హక్కుల డబ్బు రేసు నిర్వాహకులకు పోతుంది. ప్రైజ్ మనీని రైడర్లు, మెకానిక్కులు, మసాజ్ చేసేవాళ్లు కలిసి పంచుకోవడం ఆనవాయితీ. ఇక జట్టుకు మిగిలేది స్పాన్సర్ ఒక్కడే. మన గుంటూరు, తెనాలి వైపు నాటక సమాజాలు చూశారుగా, టికెట్ పెట్టకుండా దాతల మీదే ఏళ్ల తరబడి నడుస్తాయి, దాత చెయ్యి వెనక్కి తీసుకున్న ఏడాది రిహార్సల్స్ ఆగిపోతాయి. ఇదీ అంతే. కాకపోతే ఇక్కడ డజన్ల మంది జీతాలు, ఇళ్లు దాని మీద ఆధారపడి ఉంటాయి.

2010 చూడండి. అంతకు ముందు ఏడాది చివర ఈ జట్టుకు పై శ్రేణి లైసెన్స్ పోయింది. ఆపైన బుయిగ్ వాళ్లు 2010తో ఆపేస్తామన్నారు. కింది శ్రేణిలో ఉండి, వచ్చే ఏడాది ఉద్యోగం ఉంటుందో లేదో తెలియని టెన్షన్‌లో ఆ టూర్‌కి వెళ్లిన వాళ్లు ఏం చేశారో తెలుసా? ఫెద్రిగో ఒక స్టేజ్ (టూర్‌లో ఒక రోజు రేసు) గెలిచాడు, వోక్లేర్ ఒకటి గెలిచాడు, కొండల వీరుడికిచ్చే ఎర్రచుక్కల జెర్సీ ఆంటోనీ షార్తో తెచ్చాడు. ఇంత చేసినా స్పాన్సర్ వెంటనే దొరకలేదు. గడువు దగ్గరపడింది, వేరే జట్టుకు వెళ్లే అవకాశం ఉన్నా వోక్లేర్ ఆగాడు, అక్టోబర్ మొదట్లో ఆఖరి నిమిషంలో యూరోప్‌కార్ సంతకం పెట్టింది. ఈ ఆట ఎలా నడుస్తుందో తెలుసుకోవాలంటే నేనైతే ముందు ఆ ఏడాది గురించే చెబుతాను. రైడర్లు బాగా తొక్కినంత మాత్రాన జట్టు బతకదు, అది నాకు ఇప్పటికీ అన్యాయంగానే అనిపిస్తుంది.

అందరికీ ఆ ఆఖరి నిమిషం కలిసిరాదు కూడా. బెర్నోడో దగ్గరే కెరీర్ మొదలుపెట్టిన జెరోమ్ పినో రిటైరయ్యాక సొంతంగా ఒక జట్టు పెట్టాడు, 2018లో వైటల్ కాన్సెప్ట్ పేరుతో, తర్వాత బి అండ్ బి హోటల్స్ పేరుతో టూర్‌లో కూడా తొక్కారు. 2022 చివర కొత్త స్పాన్సర్ల కోసం వేసుకున్న ప్లాన్ కుదరలేదు. రైడర్లకు డిసెంబర్‌లో ఆ మాట తెలిసింది. అప్పటికి మిగతా జట్లలో ఖాళీలు దాదాపు నిండిపోయి ఉంటాయి.

ప్రశ్న: చిన్న జట్టు అంటున్నారు, మరి టూర్‌లో ఎలా కనిపిస్తున్నారు? (మంగళగిరి)

పై శ్రేణి వరల్డ్ టూర్ జట్లకు టూర్‌లో చోటు ఖాయం. మిగిలిన కొద్ది చోట్లు కింది శ్రేణిలో ర్యాంకు బాగున్న వాళ్లకు, నిర్వాహకులు పిలిచిన వాళ్లకు దక్కుతాయి, ఫ్రెంచ్ జట్లకు ఆ పిలుపు రావడం మామూలే. మన జట్టు 2014లో మళ్లీ ఒక్క ఏడాది పై శ్రేణికి వెళ్లింది, 2015కి డబ్బు లెక్కలు సరిపోలేదని లైసెన్స్ ఇవ్వలేదు.

ప్రశ్న: వోక్లేర్ రెండుసార్లు పదేసి రోజులు పసుపు జెర్సీ వేసుకున్నాడని చదివాను. అది అదృష్టమేగా? (బెంజ్ సర్కిల్, విజయవాడ)

పసుపు జెర్సీ అంటే అన్ని రోజుల టైమూ కలిపితే అందరికన్నా ముందున్నవాడిది. మొదటి రోజు వరకు అదృష్టం అనండి, ఒప్పుకుంటాను. 2004లో షార్త్ర్ వెళ్లే అయిదో స్టేజ్‌లో అయిదుగురు ముందుకు పోయారు, వెనక పెద్ద జట్లు పట్టించుకోలేదు, పన్నెండు నిమిషాలకు పైగా తేడా వచ్చింది. స్టేజ్ ఓగ్రేడీ గెలిచాడు, పసుపు జెర్సీ పాతికేళ్ల వోక్లేర్‌కి వచ్చింది. సరే, వచ్చింది. తర్వాత పిరనీస్ కొండలొచ్చాయి. ప్లాటో ద బేయ్ ఎక్కేటప్పుడు అమెరికా రైడర్ ఆర్మ్‌స్ట్రాంగ్ ముందు దూసుకుపోతుంటే ఈ కుర్రాడు నోరు తెరిచి, భుజాలు ఊపుతూ, వెనక ఒంటరిగా ఒక్కో మలుపూ తొక్కుకుంటూ వచ్చి 22 సెకన్ల తేడాతో జెర్సీ నిలబెట్టుకున్నాడు. ఆ 22 సెకన్లను అదృష్టం అంటే నేను ఒప్పుకోను.

2011 ఇంకా గొప్పది. సాన్ ఫ్లూర్ స్టేజ్‌లో మళ్లీ ముందు గుంపులో పోయి జెర్సీ పట్టాడు, టీవీ వాళ్ల కారు ఇద్దరు రైడర్లను గుద్దిన స్టేజ్ అదే. ఆల్ప్స్‌లో గాలిబియే మీద ఆండీ ష్లెక్ చాలా దూరం నుంచి ఒంటరిగా వెళ్లిపోతే వోక్లేర్ వెంటబడి 15 సెకన్లు మిగుల్చుకున్నాడు. మర్నాడు ఆల్ప్ దుయెజ్ రోజు జెర్సీ పోయింది. కానీ అన్ని రోజులూ అతన్ని కొండలెక్కించిన కుర్రాడు పియేర్ రోలాన్ ఆ రోజు స్వేచ్ఛ దొరకగానే కాంటాడోర్‌ని, సామ్యూల్ సాంచెజ్‌ని దాటి స్టేజ్ గెలిచాడు, పారిస్‌కి తెల్ల జెర్సీతో వచ్చాడు. వోక్లేర్‌కి నాలుగో స్థానం. అంతకు ముందు అక్టోబర్ దాకా వచ్చే ఏడాది ఉంటుందో లేదో తెలియని జట్టు ఇది!

ప్రశ్న: ఈ జట్టు టూర్ ఎప్పుడైనా గెలిచిందా? (తెనాలి)

లేదు. అసలు ఫ్రెంచ్ మగ రైడర్ టూర్ గెలిచి కూడా 1985 తర్వాత చాలా కాలమే అయింది, ఆఖరు ఇనోనే. వీళ్లు స్టేజ్‌ల కోసం తొక్కుతారు, దొరుకుతుంటాయి కూడా. 2017లో కాల్మెజాన్, 2024లో త్రువా దగ్గర మట్టిరోడ్ల స్టేజ్‌లో ఆంటోనీ తుర్జిస్ గెలిచారు.

ప్రశ్న: మేం కొందరం కుర్రాళ్లం ఆదివారాలు కొండవీడు ఘాట్ వైపు రైడ్‌కి వెళ్తాం. ఇలాంటి జట్టు పెట్టాలంటే పెద్ద కంపెనీ దొరకాలి కదా సార్? (బ్రాడీపేట, గుంటూరు)

అది తర్వాతి సంగతి బాబూ. బెర్నోడో కూడా కంపెనీతో మొదలుపెట్టలేదు. 1991లో వాందే యు అనే అమెచ్యూర్ క్లబ్ పెట్టాడు, ప్రొఫెషనల్ జట్టు రావడానికి తొమ్మిదేళ్లు పట్టింది. ఆ క్లబ్బుకి సూపర్‌మార్కెట్లు నడిపే సిస్టెమ్ యు, స్థానిక జిల్లా పరిషత్తు లాంటి సంస్థ అండగా నిలిచాయి. వోక్లేర్ టీనేజ్‌లో ఎక్కడో కరీబియన్ సముద్రంలోని మార్టినిక్ నుంచి వాందే చేరాడు. గ్వాడెలూప్ నుంచి వచ్చిన యోహాన్ జెన్ ఆ క్లబ్బులోనే పెరిగి, 2011లో టూర్ తొక్కిన మొదటి నల్లజాతి రైడర్ అయ్యాడు. పైన స్పాన్సర్ పేరు ఎన్నిసార్లు మారినా కింద క్లబ్ ఆగలేదు, ప్రతి ఏడాదీ పిల్లలు అందులోంచి వస్తూనే ఉన్నారు. నా దృష్టిలో ఆ జట్టు ఇంతకాలం నిలవడానికి అసలు కారణం ఇదే, బెర్నోడో ఎంత మొండివాడైనా ఒట్టి మొండితనంతో ఇన్నేళ్లు నడపలేడు.

కాబట్టి మీరు కంపెనీల కోసం తిరగకండి. ముందు క్లబ్బుకి పేరు పెట్టి రిజిస్టర్ చేయించండి, పదిహేనేళ్ల లోపు పిల్లల్ని చేర్చుకోండి, వాళ్లకి సరిపోయే సైకిళ్లు రెండు మూడు క్లబ్ తరఫున కొనండి. ఊళ్లో సైకిల్ షాపు వాళ్లని విడిభాగాలు, రిపేరు చూసుకోమని అడగండి, డబ్బు ఇమ్మంటే వెనకాడే వాళ్లు కూడా పని చేసిపెట్టమంటే తరచుగా ఒప్పుకుంటారు. ఘాట్ దిగేటప్పుడు హెల్మెట్ లేకుండా ఎవర్నీ రానివ్వకండి. ఎండలు ముదిరితే తెల్లవారక ముందే బయల్దేరి, ఏడున్నరకల్లా తిరుగుముఖం పట్టండి. జిల్లా స్థాయి రోడ్ రేసు ఎప్పుడు పెట్టినా నలుగురు పిల్లల్ని పంపండి, గెలవకపోయినా పర్లేదు. క్లబ్ మొదలయ్యాక మాకో ఉత్తరం రాయండి, మీ రైడ్ రోజులు, టైమింగ్స్ ఈ శీర్షికలోనే వేస్తాం.