రెండో పోటు

తమ్ముడూ,

నీ కథ అందింది. గట్టు తగాదాలో అన్న తమ్ముణ్ణి పారతో కొట్టే ఘట్టం నాలుగు పేజీలు రాశావు. అరుపులు, రక్తం, మళ్లీ అరుపులు. రెండో పేజీ దాటేసరికి నాకు జాలి కూడా పుట్టడం మానేసింది. నొచ్చుకోకు. నీ వయసులో నేనూ ఒక చావుని ఆరు పేజీలు సాగదీశాను. ఎడిటర్ గారు ‘ఇంతకీ పోయాడా, లేదా?’ అని అంచున రాసి తిప్పి పంపారు.

జెరోమ్ అనే ఫ్రెంచి చిత్రకారుడు వేసిన ‘సీజర్ మరణం’ బొమ్మ ఫోన్‌లో వెతికి చూడు. పాతకాలపు రోమ్‌ని ఏలిన జూలియస్ సీజర్‌ని సెనేటర్లే, అంటే అక్కడి పెద్దల సభ సభ్యులే, సభలో పొడిచి చంపారు కదా, ఆ హత్యే. 1867లో పారిస్ ప్రపంచ ప్రదర్శనలో పెట్టారు, ఇప్పుడు బాల్టిమోర్‌లోని వాల్టర్స్ మ్యూజియంలో ఉంది. పేరుకి సీజర్ బొమ్మే గానీ, సీజర్‌ని వెతుక్కోవాలి. ఎడమవైపు కింద, నీడలో, తన పాత ప్రత్యర్థి పాంపే విగ్రహం దగ్గర పడి ఉన్నాడు. పక్కన కుర్చీ తిరగబడింది. చంపినవాళ్లు కత్తులు పైకెత్తి గుంపుగా వెళ్లిపోతున్నారు. నడుమ బోలెడంత నేల ఖాళీ. కుడివైపు ఖాళీ ఆసనాల మధ్య ఒకే ఒక్క సెనేటర్ ఇంకా కూర్చునే ఉన్నాడు. కునుకు పట్టిందో, కాళ్లు చచ్చుబడ్డాయో! నేను ఎప్పుడు చూసినా చివరికి కళ్లు ఆయన దగ్గరే ఆగుతాయి.

ఇదే హత్యను జర్మనీలో పిలోటీ 1865లో వేశాడు. అందులో సీజర్ ఇంకా కుర్చీలోనే ఉన్నాడు, వెనక కత్తి లేచింది. అదో రకం టెన్షన్. ఇటలీవాడు కముచ్చీనీ అంతకు చాలా ముందే నేరుగా పొడిచే క్షణాన్నే పట్టుకున్నాడు. బొమ్మ గొప్పదే, కానీ అందులో నాకు ఊహించుకోడానికి ఏమీ మిగల్లేదు. జెరోమ్‌కి ఇంప్రెషనిస్టులంటే, అంటే నున్నటి వివరాలు వదిలేసి ఆ క్షణపు వెలుగునీ రంగునీ పట్టుకున్న ఆ కాలపు కొత్త చిత్రకారులంటే, ఒళ్లుమంట, ఆ విషయంలో నేను అతని పక్షం కాదు. అయినా ఈ ఒక్క బొమ్మకి దణ్ణం పెడతాను.

సీజర్‌కి మొత్తం 23 పోట్లు పడ్డాయని రోమన్ చరిత్రకారుడు సూటోనియస్ రాశాడు. శవాన్ని చూసిన వైద్యుడు మాత్రం ప్రాణం తీసింది రెండోదొక్కటే అన్నాడట. నీ నాలుగు పేజీల్లోనూ నాకు తగిలింది ఒక్క వాక్యమే: ‘అన్న పార అక్కడే గుచ్చి, కాలువలో చేతులు కడుక్కున్నాడు.’ అక్కణ్ణుంచి మొదలుపెట్టు. ముందున్నదంతా కొట్టెయ్.

ఇంకొకటి. చింతచెట్టు కింద మేకలు కాసుకునే ముసలాయన అంతా చూశాడని ఒక్క లైనులో రాసి వదిలేశావు. ఆయన ఎందుకు లేవలేదు? మేకలు ఎటు పోయాయి? సాయంత్రం ఇంటికెళ్లి భార్యతో ఏం చెప్పాడు?

వచ్చే నెలలోగా తిరగరాసి పంపు. ఈసారి కాగితానికి ఒకవైపే రాయి, కాస్త పెద్ద అక్షరాలతో. కళ్లజోడు మార్చుకున్నా సరిగ్గా ఆనడం లేదు.

అమ్మగారిని అడిగానని చెప్పు.

మీ అన్నయ్య