సెంట్రింగ్ కొట్టకముందే ఆ కొలతలు మార్చు

చిరంజీవి రవికి, పెదనాన్న ఆశీస్సులు.

వెస్ట్ మాంబలం ఇంటి ప్లాను చూశాను. మేడ మీద కచేరీ గది 9 మీటర్ల పొడవు, 6 వెడల్పు, 3 ఎత్తు అని గీయించావు. కాగితం మీద ముచ్చటగానే ఉంది గానీ నాదానికి ఇంతకంటే చెడ్డ కొలతలు దొరకడం కష్టం. స్లాబు పడ్డాక గోడలకు ఏం అతికించినా ఈ దోషం పూర్తిగా పోదు.

చెన్నై వేడికి, అంటే 30 డిగ్రీల దగ్గర, శబ్దం సెకనుకు సుమారు 349 మీటర్లు పోతుంది. ఎదురెదురు గోడల మధ్య దూరాన్ని రెట్టింపు చేసి, దాంతో 349ని భాగించు. ఆ గది ఏ స్థాయి దగ్గర తానే మోగుతుందో తెలుస్తుంది. దాని రెండింతలు, మూడింతల దగ్గరా అదే గోల. 9 మీటర్లకు 19.4 హెర్ట్జ్ (అంటే సెకనుకు అన్ని కంపనాలు), 6కు 29.1, 3కు 58.2. మొదటిదాన్ని మూడుతో, రెండోదాన్ని రెండుతో హెచ్చవేస్తే మూడూ 58.2 దగ్గరే పోగయ్యాయి. 116 దగ్గర మళ్లీ కలుస్తాయి. తొప్పి, అంటే మృదంగం ఎడమ మూత మీద దెబ్బ పడ్డప్పుడల్లా కొన్ని చోట్ల గుమ్మని మోగుతుంది, రెండడుగులు జరిగితే వినపడదు. మృదంగం కుడి మూత మీది నల్ల పూత వల్లే దాని ఉపస్వరాలు శ్రుతిలో నిలుస్తాయని సి.వి. రామన్ 1920లోనే చూపించాడు. అంత నేర్పుగా కుదిర్చిన వాద్యాన్ని గది చెడగొడితే ఎలా?

వెడల్పు 6 మీటర్లే ఉంచు. పొడవు 8.2కి తగ్గించి, మిగిలిన జాగాలో వాద్యాలు పెట్టుకునే అర కట్టించు. ఎత్తు 3.4 చెయ్యి. మేస్త్రీకి అడుగుల్లోనే చెప్పు: 26 అడుగుల 11 అంగుళాలు, 11 అడుగుల 2 అంగుళాలు. ఇవి పూత, టైల్సు అయ్యాక లోపల ఉండాల్సిన కొలతలు. ఇటుక నుంచి ఇటుకకు కొలిచి అంతా అయిపోయిందంటాడు, ఒప్పుకోకు.

కోడలు గుమ్మటం కప్పు అడుగుతోందట. గోల్కొండ ఫతే దర్వాజా దగ్గర చప్పట్లు వినడానికి గుమ్మటం బాగుంటుంది, కచేరీకి పనికిరాదు. వంపు శబ్దాన్నంతా ఒకచోట పోగుచేస్తుంది, పక్కవాళ్లకు అందదు. తప్పదంటే వంపు వ్యాసార్ధం గది ఎత్తులో సగంలోపు గానీ, రెండింతలకు పైన గానీ ఉండాలి.

ఇక మోత సంగతి. శబ్దం ఆగాక 60 డెసిబెల్స్ తగ్గడానికి పట్టే కాలం లెక్కకట్టే సూత్రం హార్వర్డ్‌లోని వాలెస్ సాబిన్‌ది. 1895లో అక్కడి ఫాగ్ మ్యూజియం ఉపన్యాసశాలను బాగుచెయ్యమంటే, పక్క థియేటర్ నుంచి కుర్చీల మెత్తలు మోయించి మోత ఎంత తగ్గుతుందో కొలిచాడు. గది ఘనపరిమాణాన్ని 0.161తో హెచ్చవేసి, శబ్దాన్ని పీల్చే విస్తీర్ణంతో భాగించాలి. కొత్త కొలతల్లో నీ గది 167 ఘనపు మీటర్లు. ఖాళీ సిమెంటు గోడలు, నేల, తలుపులు కలిపి పీల్చేది 5 చదరపు మీటర్లంత, అంటే మోత దాదాపు ఐదున్నర సెకన్లు. మన సంగీతానికి ఇంత గదిలో 0.9 చాలు, అందుకు 30 చదరపు మీటర్లు కావాలి. ముప్పై మంది కూర్చుంటే, మనిషికి 0.45 చొప్పున పదమూడున్నర. గోడలవీ ఐదు పోను, మిగతా పదకొండున్నరకు 50 మిల్లీమీటర్ల రాక్‌వూల్ (రాతి పీచు) ప్యానెళ్లు 13 చదరపు మీటర్లు పెట్టు. సాంద్రత ఘనపు మీటరుకు 48 కిలోలది చాలు, పైన నూలుగుడ్డ. గుడ్డలోంచి నోటితో ఊదితే గాలి అవతలికి రావాలి, రెక్సిన్ కడితే పని చెయ్యదు. జనం లేని సాధకం రోజుల్లో మోత 1.6 సెకన్లకు పోతుంది కాబట్టి గొడౌన్ స్ట్రీట్‌లో బరువైన వెల్వెట్ కొని, రెండింతల వెడల్పున కుచ్చులు పోయించి, 12 చదరపు మీటర్ల తెర వేసుకో. గుడ్డుట్రేలు, థర్మాకోల్ మాత్రం వద్దు. అవి ఈ పని చెయ్యవు, పైగా నిప్పంటుకుంటాయి.

ప్యానెళ్లలో ఎక్కువభాగం వెనక గోడకే. పాడేవారి గొంతు అక్కడ తగిలి 47 మిల్లీసెకన్లకు తిరిగొస్తుంది, 50 దగ్గర చెవి దాన్ని వేరే చప్పుడుగా పట్టుకుంటుంది. వేదిక వెనక గోడ మాత్రం గట్టిగానే ఉండనీ, పాడేవారికి తమ స్వరం కొంచెం తిరిగి రావాలి.

రాక్‌వూల్ కింది స్థాయిని పట్టదు. దానికి మూలల్లో ప్లైవుడ్ పెట్టెలు, 4 అడుగులు × 3 అడుగులవి నాలుగు. చదరపు మీటరు ప్లై బరువును కిలోల్లో, వెనక ఖాళీని మీటర్లలో తీసుకుని హెచ్చవేస్తే 0.36 రావాలి, అప్పుడు పెట్టె 100 హెర్ట్జ్ దగ్గర పీలుస్తుంది. 6 మిల్లీమీటర్ల ప్లై 3.6 కిలోలు తూగితే ఖాళీ 10 సెంటీమీటర్లు. మెరైన్ ప్లై బరువెక్కువ కాబట్టి దుకాణంలోనే తూయించి ఖాళీ తగ్గించు. లోపలి రాక్‌వూల్ ప్లైకి తగలకూడదు, అంచుల్లో గాలి కారకూడదు. వేదిక డొల్ల కాకుండా ఇసుక నింపించు, లేకుంటే అదే మద్దెల అవుతుంది.

తలుపు విస్తీర్ణంలో నూటికి ఒక వంతు సందు ఉన్నా, తలుపెంత బరువైనా 20 డెసిబెల్స్ మించి ఆపదు. మామూలు తలుపు కింద 2 సెంటీమీటర్ల సందు అచ్చంగా అంతే. కింద రబ్బరు పట్టీ, గడప రెండూ ఉండాలి.

పూత ఆరాక, ఏదీ అతికించకముందు, ఒక బెలూన్ పగలగొట్టి ఫోన్‌లో రికార్డు చెయ్యి. 60 డెసిబెల్స్ పడేదాకా బయటి ఆటోల హోరు ఆగదు కాబట్టి 20 పడ్డ సమయాన్ని మూడుతో హెచ్చవేస్తే చాలు. మూడు నాలుగు చోట్ల చేసి నాకు వాట్సాప్‌లో పంపు, ప్యానెళ్ల లెక్క అప్పుడు ఖాయం చేద్దాం. అందాకా రాక్‌వూల్ కొనకు.

పెదనాన్న