పాఠకుల ప్రశ్నలు: ప్రధానిని చంపాక స్వీడన్ ఏం పోగొట్టుకుంది?

ప్రశ్న: స్వీడన్‌లో 1986లో ప్రధాని ఓలోఫ్ పామేను, 2003లో విదేశాంగ మంత్రి అన్నా లిండ్‌ను చంపారు. ఇద్దరి వెంటా అంగరక్షకులు లేరు. భద్రత పెంచితే సరిపోయేది కదా?

జవాబు: భద్రత పెంచడం అందులో తేలికైన పని. ప్రధానికి రక్షణ కట్టుదిట్టం చేశారు, మంత్రుల విషయంలో మాత్రం పాత పద్ధతే సాగింది. అందుకే లిండ్ కాపలా లేకుండా డిపార్ట్‌మెంట్ స్టోర్‌కు వెళ్లారు. ఆమె పోయిన మూడో రోజున, సెప్టెంబరు 14న, యూరో కరెన్సీలో చేరాలా వద్దా అన్న రెఫరెండం వాయిదా వేయకుండా జరిపారు. అది గట్టితనమే.

సమాజం దెబ్బతిన్నది దర్యాప్తుల్లో. పామే పడిన చోట జనం రాకుండా పోలీసులు తాడు కట్టి మూసిన మేర మరీ చిన్నది. రెండు బుల్లెట్లూ దొరికింది దారిన పోయేవాళ్లకే. స్టాక్‌హోమ్ పోలీసు అధిపతి హన్స్ హోల్మేర్, ఇది టర్కీపై పోరాడిన కుర్దుల సంస్థ పీకేకే పనేనన్న అనుమానాన్నే పట్టుకుని వేలాడారు. 1987లో ఆయన తప్పుకునేదాకా కుర్దు శరణార్థులు అనుమానపు చూపులు భరించారు. 1988లో ఇంకో విడ్డూరం. ఒక పుస్తక ప్రచురణకర్త సొంత దర్యాప్తు మొదలుపెడితే, న్యాయ మంత్రి సిఫారసు లేఖ ఇచ్చారు! ఆ దర్యాప్తు కోసం తెచ్చిన, రహస్యంగా మాటలు వినే పరికరాలు కస్టమ్స్ చేతికి చిక్కడంతో ఆ మంత్రి పదవి ఊడింది. మరుసటి ఏడాది పామే హత్య నిందితుడు క్రిస్టర్ పెటర్సన్‌కు యావజ్జీవం పడింది, అప్పీలు కోర్టు కొట్టేసింది. పామే భార్య పెటర్సన్‌ను గుర్తుపట్టారు నిజమే. కానీ అనుమానితుడు తాగుబోతని ఆమెకు ముందే తెలిసిపోయింది. అలాంటి గుర్తింపుకు బలమేం ఉంటుంది? తుపాకీ ఇప్పటికీ దొరకలేదు.

లిండ్ కేసులో హంతకుడు రెండు వారాల్లో దొరికాడు. అయితే పుట్టినప్పుడు జబ్బుల పరీక్ష కోసం దాచిన అతని రక్తపు చుక్కను పోలీసులు డీఎన్ఏ కోసం తీసుకున్నారు. వైద్యానికిచ్చిన రక్తం పోలీసులకు పోవచ్చా అన్న గొడవ అప్పుడే రేగింది. అంతకుముందు పొరపాటున పట్టుకున్న ఒకతని బతుకునైతే పత్రికలు బజారున పెట్టాయి.

ప్రశ్న: మరి మన దగ్గర?

జవాబు: ఇందిరాగాంధీ హత్య జరిగిన మరుసటి ఏడాదే, 1985లో, ఉగ్రవాద నిరోధక చట్టం టాడా వచ్చింది. పోలీసు అధికారి ముందు నేరం ఒప్పుకుంటూ ఇచ్చిన వాంగ్మూలం మామూలు చట్టంలో చెల్లదు, 1995లో గడువు ముగిసిన టాడాలో చెల్లేది. కొట్టి ఒప్పించే అవకాశం ఉన్నచోట ఇది ప్రమాదం. రాజీవ్ హత్య కేసులో 1998లో 26 మందికీ ఉరి పడింది. 1999లో సుప్రీంకోర్టు టాడా నేరం నిలవదంది, వాంగ్మూలాలను మాత్రం సాక్ష్యంగా ఉంచింది. నలుగురికి ఉరి, ముగ్గురికి యావజ్జీవం ఖరారయ్యాయి. మిగతా 19 మంది విడుదలయ్యారు, అప్పటికే ఏళ్లకేళ్లు జైల్లో గడిపి.