రాజీనామా కాగితం పక్కన పెట్టు, ముందు ఇది చదువు

అల్లుడికి ఆశీస్సులు.

నిన్న రాత్రి పదింటికి మీ అమ్మ ఫోన్ చేసి ఏడ్చింది. నువ్వు టీచరు ఉద్యోగానికి రాజీనామా కాగితం టైపు చేయించావట, సినిమా వేషాల కోసం వచ్చే నెల హైదరాబాద్ వెళ్ళి కృష్ణానగర్‌లో గది తీసుకుంటావట. "వాణ్ణి చెడగొట్టింది నువ్వేరా తమ్ముడూ, చిన్నప్పుడు రిహార్సల్స్‌కి చంకనేసుకుని తిప్పావు" అని నన్నూ వాయించింది. తిప్పిన మాట నిజమే. ఫోన్లో చెబుదామంటే నువ్వు "ఊఁ, ఊఁ" అని పెట్టేసే రకం. అందుకే రాస్తున్నాను.

సినిమాల్లోకి వెళ్ళొద్దని చెప్పడానికి కాదు. పరిషత్తు నాటక పోటీల్లో నువ్వు వేసిన ముసలి కరణం వేషం చివరి వరసలో కూర్చుని చూశాను. నీకు చెప్పకుండా వచ్చి, చెప్పకుండానే వెళ్ళిపోయాను. బాగా చేశావు. బహుమతి సంగతి వదిలెయ్. రెండో సీన్లో కొడుకు నిన్ను కడిగేస్తున్నంతసేపూ నువ్వు కళ్ళజోడు తుడుచుకుంటూ ఉండిపోయావు చూడు, అక్కడ నువ్వు పనికొస్తావనిపించింది. ఆ సీన్ ఆ కుర్రాడిది. దాన్ని నువ్వు లాక్కోలేదు. మన నటుల పనిలో సగం అదే, అవతలివాడి సీన్ నిలబడేలా పక్కన ఉండటం.

ఎప్పుడైనా తీరిక చూసుకుని మహామంత్రి తిమ్మరుసు మళ్ళీ చూడు. 1962 నాటి సినిమా. రాయలుగా రామారావుగారు, తిమ్మరుసుగా గుమ్మడిగారు. రాయలు ఆయన్ని "అప్పాజీ" అంటాడు, మనకి ఎక్కడా అనుమానం రాదు. నిజానికి అప్పాజీ వేసిన గుమ్మడిగారు రాయలు వేసిన రామారావుగారి కంటే నాలుగేళ్ళు చిన్న. అప్పటికి గుమ్మడిగారి వయసు ముప్పై అయిదు! తెనాలి దగ్గర రావికంపాడులో పుట్టిన మనిషి. జుట్టుకి తెలుపు ఎవరైనా పూస్తారు. ఎదుటివాణ్ణి కన్నకొడుకులా చూడటం ఎంతమందికి వస్తుంది?

ఇక ఉద్యోగం సంగతి. నీకు కోపం వచ్చినా సరే, ఇది చెప్పాల్సిందే.

కోట శ్రీనివాసరావుగారు స్టేట్ బ్యాంకులో పని చేస్తూనే నాటకాలాడారు. 1978లో ప్రాణం ఖరీదుతో తెర మీదికి వచ్చేసరికి ఆయనకి ముప్పై ఆరేళ్ళు. జనం నోళ్ళలో ఆయన పేరు నానింది 1985లో, ప్రతిఘటన వచ్చాక. మధ్యలో ఏడేళ్ళు! జయప్రకాశ్ రెడ్డిగారు నీలాగే మేష్టారు. 1988లో బ్రహ్మపుత్రుడులో కనిపించారు. అసలైన పేరు మాత్రం 1997లో ప్రేమించుకుందాం రా తోనే వచ్చింది, అప్పటికి యాభై దాటాయి. ఈ పనిలో వయసు మన పక్షాన ఉంటుందిరా. హీరోకి ముప్పై అయిదు దాటితే టెన్షన్, మనలాంటి క్యారెక్టరు నటులకి నలభై అయిదు వస్తే నాలుగు వేషాలు ఎక్కువ వస్తాయి. ఇరవై ఎనిమిదేళ్ళవాడివి, నీకు అంత తొందరేమిటి?

నేను తొందరపడ్డాను కాబట్టే చెబుతున్నాను. వెళ్ళిన మొదటి ఏడాది మూడు సినిమాల్లో కనిపించాను. అన్నీ కలిపి పదకొండు రోజుల పని. మిగతా రోజులన్నీ ఏం చేశానంటే, పొద్దున్నే గడ్డం గీసుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని, ఆఫీసుల చుట్టూ తిరిగాను. సాయంత్రానికి చొక్కా నలిగేది, మళ్ళీ ఉతుక్కునేవాణ్ణి. ఆకలి కంటే ఎక్కువ బాధ పెట్టింది ఇంకొకటి. ఇంటి అద్దె కోసం నాకు నచ్చని వేషాలు ఒప్పుకున్నాను. హీరో చెంపదెబ్బ తిని కింద పడే వేషాలు. అలా ఒకసారి పడితే, "ఆయన బాగా పడతాడు" అని అందరూ పడటానికే పిలుస్తారు. నీకు నెల జీతం ఉందనుకో, "ఈ వేషం వద్దులెండి" అనగలవు. ఆ ఒక్క మాట అనలేక నేను ఆరేళ్ళు పోగొట్టుకున్నాను.

ప్రభుత్వ టీచరువి కాబట్టి అనుమతి లేకుండా మాత్రం ఏదీ చెయ్యకు, డబ్బు తీసుకునే పని అసలే వద్దు. కాగితం పెట్టి, హెడ్మాస్టరుగారితో మంచిగా మాట్లాడి, వేసవి సెలవుల్లో ఒప్పుకో. మరీ మంచి వేషం వస్తే జీతం లేని సెలవు పెట్టు. రెండేళ్ళు అలా చేశాక కూడా ఇంకా వెళ్ళాలనిపిస్తే మీ అమ్మకి నేను చెబుతాను.

ఇప్పుడు పని గురించి. పరిషత్తు నాటకాలు నీకు ఒక జబ్బు అంటించాయి. స్టేజీ మీద మైకులు పైన వేలాడుతుంటాయి, జడ్జీలు ఎదురుగా ఉంటారు. అందుకని ప్రతి మాటా హాలు చివరికి విసురుతావు. నా మొదటి షాట్‌లో నేనూ అంతే చేశాను. డైరెక్టరు కట్ చెప్పి నెమ్మదిగా దగ్గరికి వచ్చి, "మాస్టారూ, కెమెరా మూడడుగుల దూరంలోనే ఉంది, దానికి చెవుడు లేదు" అన్నాడు. యూనిట్ మొత్తం నవ్వింది. తలుచుకుంటే ఇప్పటికీ చెవులు వేడెక్కుతాయి.

అలాగని గొంతు సాధన మానకు. పద్యం నేర్చుకో, రోజూ అరగంట హార్మోనియం పక్కన కూర్చో. సినిమాలో నిన్ను పద్యం పాడమని ఎవరూ అడగరు, ఊపిరి నిలబడటం కోసం. నూతన్ ప్రసాద్‌గారికి 1989లో షూటింగ్‌లో ప్రమాదం జరిగి కాళ్ళు పనిచెయ్యకుండా పోయాయి. ఆ తర్వాత కూడా చక్రాల కుర్చీలో కూర్చునే వేషాలు వేశారు. ఆ గొంతు వింటే చాలు, మనిషి లేచి నిలబడ్డట్టే ఉండేది.

యాస గురించి ఒక మాట. నువ్వు తెలంగాణ మాట, సీమ మాట అనుకరించి ఇంట్లో అందరినీ నవ్విస్తావు. దాన్ని ఇంట్లోనే ఉంచు. ఆ ఊళ్ళవాళ్ళు టిక్కెట్టు కొని చూస్తారు, రెండో మాటకే పట్టేస్తారు. జయప్రకాశ్ రెడ్డిగారి సీమ మాట అంత గట్టిగా నిలబడిందంటే ఆయన ఆ మట్టిలో పుట్టినవాడు కనక. నీకు కావాలంటే సీజన్లో గుంటూరు మిర్చి యార్డుకి పొద్దున్నే వెళ్ళి ఓ మూల కూర్చో. పల్నాడు రైతు, ప్రకాశం రైతు, కర్నూలు రైతు ఒకే ధర మీద మూడు రకాలుగా విసుక్కుంటారు. పదాలు తర్వాత పట్టుకుందువుగాని. మాట ఎక్కడ ఆపుతున్నారు, కోపం వచ్చినప్పుడు చెయ్యి ఎక్కడికి పోతోంది, డబ్బు లెక్కపెట్టేటప్పుడు పెదవులు కదులుతున్నాయా లేదా, అవి చూడు. నేను వేసిన వేషాల్లో జనం గుర్తుపెట్టుకున్నవి రెండే, రెండూ ఆ యార్డులో దొరికినవే.

చిన్న చిన్నవి కొన్ని. ప్రాంప్టింగ్ ఉంటుంది కదా అని డైలాగు నేర్చుకోకుండా వెళ్ళకు. అసిస్టెంటు అందించే మాట కోసం చెవి అటు పోతే, కళ్ళు ఖాళీ అయిపోతాయి, కెమెరాకి అది ముందు దొరుకుతుంది. వేషం ఇప్పిస్తాను, ముందు ఇంత కట్టు అనేవాడు ఎంత పెద్దమనిషిలా ఉన్నా దణ్ణం పెట్టి వచ్చెయ్. మిగతా డబ్బు డబ్బింగ్ చెప్పేలోపే తీసుకో. ఒక నిర్మాత "మనలో మనకేంటి మాస్టారూ" అన్నాడని మొహమాటపడి ముందే డబ్బింగ్ చెప్పేశాను. ఆయనిచ్చిన చెక్కు బ్యాంకు నుంచి వెనక్కి వచ్చింది. దాన్ని ఇంకా దాచుకున్నాను, వచ్చినప్పుడు చూపిస్తా.

కంటిన్యుటీ మర్చిపోకు, అంటే ముందు షాట్‌లో ఎలా ఉన్నావో తర్వాతి షాట్‌లోనూ అలాగే ఉండాలి. నాదే ఒక కథ ఉంది. పంచాయతీ సీను, నేను పెద్దమనుషుల్లో ఒకణ్ణి. మొదటి రోజు తువ్వాలు ఎడమ భుజం మీద ఉంది. మర్నాడు కుడి భుజం మీద వేసుకుని కూర్చున్నాను. మధ్యాహ్నం దాకా ఎవరూ చూసుకోలేదు. చూశాక, పూట పని మళ్ళీ తీశారు. ముప్పై మంది ఎండలో మళ్ళీ అవే మాటలు మాట్లాడారు నా తువ్వాలు కోసం. ఎవరూ తిట్టలేదు, అదే ఘోరంగా అనిపించింది.

దసరా సెలవుల్లో ఇక్కడికి రా, ఓ నాలుగు రోజులుండు. ఆ కరణం వేషాన్నే మన వరండాలో, గొంతు పెంచకుండా, నేను మూడడుగుల దూరంలో కూర్చుంటాను, నాకు చేసి చూపించు. రాజీనామా కాగితం కూడా పట్టుకురా, మీ అత్తయ్య అటక మీది డబ్బాలకి అడుగున వేసుకోవడానికి కాగితాలు వెతుకుతోంది. తువ్వాలు నేనిస్తాలే.

మీ మావయ్య