నిఘా యాప్ సరే, ఫాలోయర్ల జాబితా చూశారా?

ప్రశ్న: సార్, మా అబ్బాయికి 15 ఏళ్లు. గేమ్‌లో పరిచయమైన ఎవరితోనో అర్ధరాత్రి దాకా చాటింగ్. టెన్షన్‌గా ఉంది. వాడికి తెలియకుండా ఫోన్ మొత్తం చూసే యాప్ ఏదైనా చెబుతారా?

జవాబు: ఇదే ప్రశ్న పేర్లు మార్చుకుని వస్తూనే ఉంది. యాప్ పేరు మాత్రం చెప్పనమ్మా. రహస్య నిఘా యాప్‌ల మీద నాకు బొత్తిగా నమ్మకం లేదు. పిల్లాడి మెసేజ్‌లు, ఫొటోలు, లొకేషన్ ఊరూపేరూ తెలియని కంపెనీ సర్వర్‌లో చేరతాయి. ఇలాంటి యాప్‌ల డేటా బయటికి పొక్కడం కొత్తేమీ కాదు. పైగా సంగతి తెలిసిన రోజున వాడు మీకు చెప్పడం మానేస్తాడు.

అసలు ప్రమాదం ఎలా వస్తుందో చూడండి. గేమ్‌లో పలకరించినవాడు కాసేపటికే ‘ఇక్కడ లాగ్ అవుతోంది, ఆ యాప్‌లోకి రా’ అంటాడు. వెళ్లగానే ముందు మీవాడి ఫాలోయర్ల జాబితా స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకుంటాడు. అమ్మాయిలా నటిస్తూ ఓ ఫొటో పంపి, బదులు అడుగుతాడు. అది చేతికందిన మరుక్షణం జాబితా బయటికి తీస్తాడు: ‘వీళ్లందరికీ పంపనా?’ మగపిల్లల దగ్గర ఎక్కువగా డబ్బు గుంజుతారు. ఆడపిల్లలనైతే ఇంకా ఫొటోలు కావాలంటారు. కొందరికి ఉద్యోగం, మోడలింగ్ అని ఆశపెట్టి ఇల్లు దాటిస్తారు. ‘ఇష్టపడే వెళ్లింది కదా’ అనేవాళ్లు ఒకటి తెలుసుకోవాలి. 2000లో ఐక్యరాజ్యసమితి ఆమోదించిన పలెర్మో ప్రొటోకాల్ (మనుషుల అక్రమ రవాణాను అరికట్టే ఒప్పందం) ప్రకారం, దోపిడీ కోసం 18 ఏళ్లలోపు వారిని తీసుకెళితే అది అక్రమ రవాణాయే. వాళ్లు ఒప్పుకున్నారా లేదా అన్న ప్రశ్నే రాదు.

బెదిరింపు ఇప్పటికే వచ్చి ఉంటే డబ్బు పంపకండి, మళ్లీ అడుగుతారు. కంగారులో చాట్ డిలీట్ చేయకండి. అకౌంట్ పేరు, బెదిరింపు మెసేజ్‌లు భద్రపరిచి, ఆ యాప్‌లో రిపోర్ట్ కొట్టి, పోలీసుల దగ్గరకు వెళ్లండి. ఆ ఫొటోను మాత్రం సాక్ష్యం పేరుతో కూడా ఎవరికీ ఫార్వర్డ్ చేయొద్దు. ‘టేక్ ఇట్ డౌన్’ అనే ఉచిత సేవ ఉంది. ఫొటో ఫోన్ దాటి వెళ్లదు, దాని హ్యాష్, అంటే ఫొటోకు వేలిముద్రలాంటి కోడ్ మాత్రమే వెళుతుంది. దాని సాయంతో ఇందులో చేరిన సైట్లు ఆ ఫొటోను గుర్తించి తీసేస్తాయి. ఎన్‌క్రిప్ట్ అయిన చాట్‌లలో, అంటే మాట్లాడుకునేవాళ్లు తప్ప యాప్ కంపెనీ కూడా చూడలేని చాట్‌లలో మాత్రం ఇది పనిచేయదు.

నా కోపం మీ మీద కాదు. పిల్లాడి స్నేహితుల జాబితా ముక్కూమొహం తెలియనివాడికి ఎందుకు కనిపించాలి? దాచే సెట్టింగ్ ఉన్నా నాలుగు మెనూల లోపల ఉంటుంది, అప్‌డేట్ వచ్చాక ఇంకో చోటికి మారుతుంది. థీమ్ రంగులు మార్చే బటన్ మాత్రం మొదటి పేజీలోనే!

ఆ జాబితా దాచే సెట్టింగ్ వెతికే పని మీవాడికే అప్పగించి, మీరు పక్కన కూర్చోండి. మీకంటే వాడికే త్వరగా దొరుకుతుంది. ఫోన్ లాక్కోనని కూడా అప్పుడే చెప్పండి. ఆ భయం చూసుకునే బెదిరించేవాడు రెచ్చిపోతాడు.