చిన్న సినిమాలకు ఆర్‌ఆర్ (నేపథ్య సంగీతం) చేస్తానంటే ఇంజినీరింగ్ మానిపించాలా?

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ ఎంపీసీ రెండో సంవత్సరం. చిన్నప్పటి నుంచి వీణ, కీబోర్డు నేర్చుకుంది. ఇంజినీరింగ్ వద్దు, ఇండిపెండెంట్ సినిమాలకు మ్యూజిక్ చేస్తానంటోంది. ఏం చేయమంటారు?
– ఒక తండ్రి, హనుమకొండ

జవాబు: ఇంజినీరింగే చదవాలని లేదు గానీ, ఏదో ఒక డిగ్రీ మాత్రం పూర్తి చేయించండి. చిన్న సినిమా బడ్జెట్ చాలావరకు షూటింగ్‌లోనే అయిపోతుంది. సంగీతం వంతు చివర్లో వస్తుంది కాబట్టి మిగిలిందే ఇస్తారు. మొదటి కొన్నేళ్లు దాని మీదే బతకడం కష్టం. యాడ్స్, మిక్సింగ్, కీబోర్డు క్లాసులు కలుపుకొని నెట్టుకొచ్చేవాళ్లే ఎక్కువ.

ట్యూన్లు బాగా కడుతుందా అన్నది పక్కన పెట్టండి. పది నిమిషాల షార్ట్ ఫిల్మ్‌కైనా మొదటి నుంచి చివరిదాకా ఆర్‌ఆర్ చేసిందా? డైరెక్టర్‌తో కూర్చుని సంగీతం ఎక్కడ మొదలవ్వాలో, ఎక్కడ అసలు ఉండకూడదో తేల్చుకోవాలి. డైలాగును మింగేయకూడదు. ఎడిటర్ అప్పటికే ఏదో పెద్ద సినిమా బీజీఎం రిఫరెన్స్‌గా పెట్టి ఉంటాడు, డైరెక్టర్ చెవి దానికే అలవాటుపడి అలాంటిదే కావాలంటాడు. ఎడిట్ లాక్ అయింది, ఇక మార్పులుండవని చెప్పి మళ్లీ రెండు షాట్లు కోస్తారు, కట్టిన సంగీతమంతా సీన్‌కు అతక్కుండా పక్కకు జరిగిపోతుంది. చివరికి అన్నీ సినిమాకు వాడే 48 కిలోహెర్ట్జ్ ఆడియో ఫైళ్లుగా, వాద్యాలు విడివిడిగా ఇవ్వాలి. ఇంత ఓపిక తనకుందో లేదో చేస్తేనే తెలుస్తుంది. ఎప్‌సెట్ రాశాక ఒక షార్ట్ ఫిల్మ్ చేయనివ్వండి.

లక్షలు పెట్టి స్టూడియో కట్టించకండి. లాప్‌టాప్, ఆడియో ఇంటర్‌ఫేస్ (మైకును లాప్‌టాప్‌కు కలిపే పెట్టె), మంచి హెడ్‌ఫోన్స్ చాలు. సంగీతం రికార్డు చేసే రీపర్ సాఫ్ట్‌వేర్ 60 రోజులు ఉచితంగా వాడి చూడొచ్చు. ఆర్కెస్ట్రా శబ్దాల రెడీమేడ్ లైబ్రరీలు అందరి దగ్గరా అవే ఉంటాయి. మన ఒగ్గు డోలు, కోయల డోలి, ఆదిలాబాద్ గోండుల పెప్రె (సన్నాయి లాంటిది) ఎదురుగా కూర్చుని రికార్డు చేసుకుంటే ఆ శబ్దం తన దగ్గరే ఉంటుంది. వాయించినవాళ్లకు డబ్బివ్వాలి, టైటిల్స్‌లో పేరు వేయించాలి. చాలామంది ఇది ఎగ్గొడతారు.

చదువు సంగతికొస్తే, వీణ కొనసాగించడానికి వరంగల్‌లోనే విద్యారణ్య ప్రభుత్వ సంగీత నృత్య కళాశాల ఉంది. చెన్నైలో రెహమాన్ 2008లో పెట్టిన కేఎం మ్యూజిక్ కన్సర్వేటరీ అనే సంగీత కళాశాలలో ఫీజులు భారమే, ముందే కనుక్కోండి. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ (ఎఫ్‌టీఐఐ)లో సౌండ్ కోర్సుకు డిగ్రీతో పాటు ఇంటర్‌లో ఫిజిక్స్ ఉండాలి. అది సంగీత రచన కోర్సు కాదు గానీ సినిమా శబ్దం లోతుగా నేర్పుతారు. ఎంపీసీ వృథా పోదు.

ఫ్రెండ్ సినిమా అయినా కాగితం రాసుకోవాలి: ఎంత, ఎప్పుడు, ఎన్నిసార్లు మార్పులు చేయాలి, పేరెలా పడుతుంది. 2012 కాపీరైట్ సవరణ ప్రకారం, థియేటర్ ప్రదర్శన కాకుండా వేరేచోట ఆ సంగీతం వాడితే వచ్చే రాయల్టీలో స్వరకర్తకు వాటా ఉంది. వదులుకున్నట్టు రాయించుకున్నా చెల్లదు. వసూలు చేసి పంచే సంస్థ ఐపీఆర్‌ఎస్. అమ్మాయికి 18 నిండకపోతే ఆ కాగితం మీద సంతకం మీరే పెట్టాలి, కాబట్టి ముందు మీరు చదవండి.